విధ్యర్థకంలో మిగిలిన తెలుగు

జాతీయ మూలాలను బట్టి నడిచిన కోటా పద్ధతిని అమెరికా 1965 చట్టంతో తొలగించిన తరువాత అక్కడికి చేరిన తెలుగు వైద్యులు, ఇంజనీర్లు, ఆపైన 1990 చట్టం తెచ్చిన హెచ్-1బి వీసా మీద వెళ్లిన సాఫ్ట్‌వేర్ ఉద్యోగులు గుళ్లు కట్టుకున్నారు, సంఘాలు పెట్టుకున్నారు, పిల్లలకు కూచిపూడి నేర్పించారు. అయినా ఇంట్లో పిల్లలతో మాట పలచబడిందన్న బాధ వారిలో చాలామందిని వదలలేదు. దీనికి సంస్కృతుల సంఘర్షణ కారణమనడం పరిపాటి. అది తప్పు కాదు గాని, ఆ వివరణ వీధి గుమ్మం దగ్గరే ఆగిపోతుంది.

పిల్లల చెవిన రోజూ పడే తెలుగు ఏమిటో గమనిస్తే సంగతి తేటపడుతుంది. లే, పళ్లు తోముకో, తొందరగా తిను, ఆ ఫోను పక్కన పెట్టు: ఇదంతా వ్యాకరణం విధ్యర్థకమని పిలిచే రూపం, అంటే ఎదుటివారిని ఫలానా పని చెయ్యమనే క్రియ. ఇంటి అప్పు గురించో, ఊళ్లో తాతయ్య ఆరోగ్యం గురించో మాట్లాడుకునేటప్పుడు పెద్దలు గొంతు తగ్గిస్తారు. పిల్లలతో ముఖ్యమైన మాట చెప్పవలసి వస్తే ఇంగ్లీషులోకి మారతారు. భాష అర్థమవుతూనే నోట పలకకపోవడాన్ని భాషాశాస్త్రం గ్రాహక ద్విభాషిత అంటుంది. ఈ ఇళ్లలో అది కొంతవరకు పెద్దల చేతి పనే. పదహారేళ్ల పిల్లకు "పడుకో" తెలుసు. బెంగ, ఉక్రోషం, చిన్నబుచ్చుకోవడం ఆమె ఎదుట ఎవరూ అనలేదు కనుక తనకు బెంగగా ఉందని తల్లితో చెప్పడానికి మాట చాలదు, తల్లికేమో ఆ పిల్ల అనే "ఐయామ్ ఫైన్"లో ఎన్ని రకాలున్నాయో తెలియదు.

సందర్శక వీసా మీద, మామూలుగా ఆరు నెలలకు, వచ్చే అమ్మమ్మ కబుర్లు చెబుతుంది. ఏ పనీ చెయ్యమనని తెలుగు ఆ ఇంట వినిపించేది అప్పుడే.

అమెరికాలోని తెలుగు సంస్థ సిలికానాంధ్ర 2007లో మొదలుపెట్టిన మనబడి వంటి ప్రయత్నాలు పిల్లలకు తెలుగు అక్షరాలు నేర్పడం మెచ్చదగినదే. అయితే పద్యం అప్పజెప్పిన పిల్లవాడు కారెక్కగానే ఇంగ్లీషులో పడితే ఆ తప్పు బడిది కాదు. వీసా కాగితాలు ఆలస్యమై నిద్రపట్టని రాత్రుల సంగతి తండ్రి కూతురికి తెలుగులోనే చెప్పాలి. ఆమె ఇంగ్లీషులో బదులిచ్చినా, వచ్చీరాని తెలుగులో బదులిచ్చినా, మధ్యలో తప్పులు దిద్దకుండా చివరిదాకా వినాలి.