అడిగే హక్కు ఎవరిది?

హోసూరు వైపు నుండి మన చందాదారు ఒకరు నాలుగు పుటల ఉత్తరం వ్రాశారు. వారి అమ్మాయి ఒక సహకార బ్యాంకులో సహాయకురాలి ఉద్యోగానికి పరీక్ష వ్రాసింది. వ్రాత పరీక్షలో మంచి మార్కులే వచ్చినవి. ఇంటర్వ్యూ అయిన తర్వాత జాబితాలో పేరు లేదు. తక్కువ మార్కుల వారు కొందరు చేరిపోయారట. "అమ్మాయి పేరు కోర్టుకెక్కడం మాకు ఇష్టం లేదు. మన సంఘం తరఫున గాని, నా పేరున గాని కేసు వేయరాదా?" అని వారి ప్రశ్న.

లోగడ కూడా ఇటువంటి ఉత్తరాలు వచ్చినవి గనుక యీ నెల పుట దీనికే కేటాయించాము. మేము వకీళ్ళము కాము, ఆఫీసులో కాగితాలు త్రిప్పేవారము. అయినా తెలిసినంత వరకు చెబుతాము.

సంఘం వేసినా, తండ్రిగారు వేసినా కేసు గుమ్మం దాటదు. ఉద్యోగ వ్యవహారాలలో పరాయివారు ప్రజాహిత వ్యాజ్యం తేరాదని 1998లో దుర్యోధన్ సాహు కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అది ట్రిబ్యునల్ విషయంలో చెప్పిన మాటే గాని, తర్వాత హైకోర్టు వ్యాజ్యాలకు కూడా వర్తింపజేస్తూ వచ్చారు. నష్టపోయినవారే రావాలి. అనగా అర్హత ఉండి, దరఖాస్తు పెట్టి, అవకాశం పోగొట్టుకున్న ఆ అమ్మాయే. కన్నతండ్రి అయినా కోర్టు దృష్టిలో పరాయివాడే! వినడానికి కటువుగా ఉన్నా, పెళ్ళి కావలసిన పిల్ల అని వెనుకాడే తల్లిదండ్రులు ముందుగా తెలుసుకోవలసినది ఇదే.

అమ్మాయి వచ్చినా మరొక గుమ్మం ఉన్నది. సహకార బ్యాంకు ప్రభుత్వం కాదు. అమలాపురంలోని కోనసీమ సహకార కేంద్ర బ్యాంకు కేసులో 1990లో ఆంధ్రప్రదేశ్ హైకోర్టు ఫుల్ బెంచి యీ సంగతి విడమరచి చెప్పింది. సొసైటీ మీద మామూలుగా రిట్టు నడవదు, చట్టం విధించిన బాధ్యతను అది మీరితే మాత్రం నడుస్తుంది. మద్రాసు హైకోర్టు అయిదుగురు న్యాయమూర్తుల బెంచి 2006లో ఇంచుమించు అదే దారిని పట్టింది. (యానాం పాఠకులకు ఒక మాట: అమలాపురం మీకు కూతవేటు దూరమే అయినా మీ హైకోర్టు చెన్నపట్నంలోనే ఉన్నది.) కనుక "అన్యాయం జరిగింది" అంటే చాలదు, "ఫలానా నియమం మీరారు" అని చూపాలి. బ్యాంకు బైలా మీరారన్నా చాలదు. బైలాలకు చట్టమంతటి బలం లేదని 1969లోనే ఆంధ్ర సహకార కేంద్ర బ్యాంకుల కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. తమిళనాడులో 1988 నాటి సహకార నియమాలు ఉన్నవి. ఉద్యోగుల నియామకం, సేవా షరతులు 149వ నియమంలో చూడవచ్చు. వెదకవలసినది అక్కడ.

ఇక సమయం. ఇంటర్వ్యూకు ఇన్ని మార్కులని ప్రకటనలో చదివి, ఒప్పుకొని కూర్చొని, పేరు రాకపోయాక ఆ పద్ధతే తప్పంటే కోర్టు వినదు. 1995లో మదన్ లాల్ కేసు అందుకు ప్రమాణం. పరీక్ష వ్రాసినంత మాత్రాన చట్టవిరుద్ధాన్ని కూడా ఒప్పుకున్నట్లు కాదని 2019లో సుప్రీంకోర్టు కొంత సడలింపు ఇచ్చింది. పైగా ఎంపికైన వారిని ప్రతివాదులుగా చేర్చాలి. చాలామంది ఉంటే వారిలో కొందరినైనా చేర్చాలి. ఆ పేర్లలో మన వీధివారి పిల్లలుండవచ్చు. తాఖీదు వారి ఇంటికి పోతుంది. ఇందుకు సిద్ధపడినవారే వకీలు గడప తొక్కాలి. గెలిచినా చేతికి ఉద్యోగమే వస్తుందని లేదు, మళ్ళీ ఎంపిక జరపమని అనవచ్చును.

తండ్రిగారికి చేయదగ్గ పని లేదని మా భావం కాదు. వారు ఆ బ్యాంకులో సభ్యులమని వ్రాశారు. మహాజనసభలో లేచి అడిగే హక్కు వారికున్నది. చట్టం చెప్పిన సంఖ్యలో సభ్యులు కలిసి విచారణ కోరుతూ రిజిస్ట్రారుకు అర్జీ పెట్టుకోవచ్చు. సమాచార హక్కు చట్టం మామూలుగా సహకార సంఘాలకు వర్తించదని 2013లో తలప్పలం బ్యాంకు కేసులో తేలింది గాని, రిజిస్ట్రారు ఆఫీసుకు వర్తిస్తుంది. చట్టప్రకారం రిజిస్ట్రారు తెప్పించుకోగలిగిన కాగితాలను ఆ ఆఫీసు ద్వారా అడగవచ్చు. మార్కుల పట్టికకు మొదట ఆ దారి చూడడం మేలు. ఖర్చు స్వల్పం, ఎవరితోనూ వైరం రాదు.

ఫలితాలు వచ్చి అయిదు నెలలైనదని వ్రాశారు. రిట్టుకు ఇన్ని రోజులని గడువు లేకపోయినా ఆలస్యానికి కారణం అడుగుతారు. ప్రకటన నకలు, హాల్ టిక్కెట్టు, ఫలితాల జాబితా ఒకచోట పెట్టుకోండి. ఉత్తరమంతా తిరగేసినా అమ్మాయి ఏమంటున్నదో ఎక్కడా కనబడలేదు. ప్రమాణపత్రం మీద చేవ్రాలు చేయవలసినది ఆమె. ముందు ఆమెను అడిగి మాకు వ్రాయగలరు.