పినీ ఎనిమిదో స్థానం ఎవరికీ పట్టదా?

ఒలింపిక్స్ వచ్చిన ప్రతిసారీ ఒక వాదన తలెత్తుతుంది. అర్హత సమయం అందుకోలేని చిన్న దేశాల స్విమ్మర్లకు యూనివర్సాలిటీ కోటా కింద చోటివ్వడం దండగట. అందుకు సాక్ష్యం 2000 సిడ్నీ. ఈక్వటోరియల్ గినీ ఈతగాడు ఎరిక్ ముసంబానీ వంద మీటర్లకు దాదాపు రెండు నిమిషాలు తీసుకున్న ఆ వీడియోనే ఇప్పటికీ తిప్పి తిప్పి చూపిస్తారు. ఈ వాదన తప్పు. దాన్ని తప్పని తేల్చే రుజువు 2008 నుంచీ రికార్డుల్లోనే ఉంది.

ఆ ఏడాది బీజింగ్‌లో పురుషుల 100 మీటర్ల బటర్‌ఫ్లై ఫైనల్. మైకేల్ ఫెల్ప్స్ సెకనులో వందో వంతు తేడాతో గెలిచిన సంగతి క్రీడాభిమానులందరికీ కంఠతా వచ్చు. అదే నీటిలో పాపువా న్యూ గినీ స్విమ్మర్ ర్యాన్ పినీ కూడా ఉన్నాడు. ఒలింపిక్ ఈత ఫైనల్‌కు చేరిన ఆ దేశపు తొలి వ్యక్తి అతనే. సాధించింది ఎనిమిదో స్థానం. ప్రపంచంలో ఎనిమిదో స్థానం!

అది గాలివాటం కాదు. 2006 మెల్‌బోర్న్ కామన్వెల్త్ క్రీడల్లో, ఆస్ట్రేలియా వాళ్ల సొంతగడ్డ మీద, ఇదే ఈవెంట్‌లో అతనిది స్వర్ణం. 2010లో మన ఢిల్లీలో రజతం. 2004 నుంచి 2016 దాకా నాలుగు ఒలింపిక్స్.

పాపువా న్యూ గినీ లాంటి పసిఫిక్ దీవుల చుట్టూ సముద్రముంటే ఈతకేం లోటు అంటారు కొందరు. సముద్రానికి గోడ ఉండదు. బటర్‌ఫ్లైలో 50 మీటర్ల దగ్గర రెండు చేతులూ ఒకేసారి గోడను తాకాలి. ఒక చెయ్యి ముందు తగిలితే అనర్హత. మలుపు తిరిగాక నీటి అడుగున కాళ్లతో తన్నుకుంటూ 15 మీటర్లలోపు తల పైకి తేవాలి. స్టార్టింగ్ బ్లాకు, లేన్ తాళ్లు, గడియారం, కోచ్ ఉన్న కొలనులో ఏళ్ల తరబడి సాధన చేస్తే గానీ ఇది ఒంటబట్టదు. పోర్ట్ మోర్స్‌బీలో పుట్టిన పినీ ఆ సాధన కోసం బ్రిస్బేన్ వెళ్లాల్సి వచ్చింది. వెళ్లే స్తోమత లేని ఇళ్ల పిల్లల మాటేమిటి? ఆధునికమైన టౌరామా ఈత కేంద్రం పోర్ట్ మోర్స్‌బీకి దక్కింది 2015లో, పసిఫిక్ క్రీడల పుణ్యమా అని. అప్పటికి ఆ ఎనిమిదో స్థానానికి ఏడేళ్లు.

కోటా వల్ల రెండో శ్రేణి అర్హత సమయం ఉన్న కొందరికి చోటు తగ్గవచ్చు. ఆ మాట నిజమే. కానీ అమెరికా మూడో మేటి స్విమ్మర్‌ను ఇంట్లో కూర్చోబెడుతున్నది ఈ కోటా కాదు, ఒక ఈవెంట్‌కు దేశానికి ఇద్దరే అన్న నిబంధన. ఆ కోపం పసిఫిక్ దీవుల పిల్లల మీద చూపడం అన్యాయం.

అంతర్జాతీయ ఈత సమాఖ్య స్కాలర్‌షిప్పులు ఇస్తోంది కదా అంటారు. ఏరిన కొందరిని పరాయి దేశానికి పంపితే వాళ్లు బాగుపడతారు, వెనక మిగిలిన వందల మందికి కొలను రాదు, కోచ్ రాడు. శిక్షణ అందితే ఆ దేశపు బిడ్డ ఎక్కడిదాకా వెళ్లగలడో బీజింగ్ ఎనిమిదో స్థానం చూపించింది. ఇంకేం రుజువు కావాలి? కొలను ఇవ్వకుండా నెమ్మదిగా ఈదారని వెక్కిరించడం సిగ్గుచేటు. కోటాను ముట్టుకోకండి. ముందు ఆ దీవుల్లో కొలనులు కట్టండి, కోచ్‌లను జీతమిచ్చి అక్కడే నిలపండి. ఆ తర్వాతే వాళ్ల టైమింగ్ గురించి మాట్లాడండి.