సఫైర్‌ని రాసిందెవరు?

‘సఫైర్’ (1959) సినిమా ప్రస్తావన వస్తే దర్శకుడు బేసిల్ డియర్డెన్ పేరే చెప్తారు. రాసిన జానెట్ గ్రీన్ పేరు ఎత్తేవాళ్ళు ఇన్నేళ్ళ లండన్ కాపురంలో నాకు ఒకరిద్దరు కూడా తగల్లేదు. నా పేచీ అక్కడే మొదలు.

1958లో నాటింగ్ హిల్‌లో కరీబియన్ కుటుంబాల మీద తెల్లమూకలు విరుచుకుపడ్డాయి. మరుసటేడే వచ్చిందీ సినిమా. హాంప్‌స్టెడ్ హీత్‌లో ఒక అమ్మాయి శవం దొరుకుతుంది. చూడ్డానికి తెల్లపిల్లే. బర్మింగ్‌హామ్ నుంచి ఆమె అన్నయ్య వస్తాడు. డాక్టరు. నల్లవాడు. అంతే, అప్పటిదాకా ‘పాపం’ అన్న నోళ్ళు కొన్ని మూతపడతాయి. చివరికి చంపింది వీధిరౌడీ కాదు; పెళ్ళికొడుకు తోబుట్టువు, పిల్లల తల్లి.

డిటెక్టివ్ కథలో చుట్టిన నీతిపాఠమని దీన్ని తీసిపారేసేవాళ్ళున్నారు. నేనొప్పుకోను. ఉపన్యాసానికి ఎవరు టికెట్టు కొంటారు? హంతకుడెవరో తెలుసుకుందామని కూర్చున్నవాడికి ఆమె వాడి ఇంటినే చూపించింది. 1961లో జాన్ మెక్‌కార్మిక్‌తో కలిసి రాసిన ‘విక్టిమ్’ కూడా అంతే. పైకి బ్లాక్‌మెయిల్ కథ. లోపల, పురుషుల మధ్య ప్రేమని నేరం చేసిన చట్టం మీద అభియోగపత్రం. ఇంగ్లండులో ఆ చట్టం 1967లో గానీ మారలేదు.

తప్పుల్లేవని కాదు. డోలు మోగగానే అడుగు కదిలితే నల్లరక్తం బయటపడుతుందనే క్లబ్బు దృశ్యం ఇవాళ చూస్తే సిగ్గేస్తుంది. అది ఆమె ఖాతాలోనే రాద్దాం. మరి మంచిని మాత్రం దర్శకుడి ఖాతాలో వేయడం ఏం న్యాయం?

ఇదంతా తెల్లవాళ్ళ గొడవ, మనకెందుకంటారా? పోయినేడు ఇక్కడి ఒక తెలుగువారింట్లో భోజనానికి వెళ్ళాం. ఆఫీసులో తనని చూసే చూపు వేరుగా ఉంటుందని ఇంటావిడ వాపోయింది. పది నిమిషాలు గడిచాయో లేదో, కొడుక్కి వచ్చిన సంబంధం మాట వచ్చింది. “పిల్ల బంగారమే వదినా, చదువుంది, ఉద్యోగముంది. రంగే కాస్త...” అని ఆగింది. అందరం అర్థమైనట్టు తలలూపాం. నేనూ ఊపాను, బూరె తింటూ.

ఇంటికొచ్చాక ‘సఫైర్’ మళ్ళీ చూశాను. ఈసారి హంతకురాలి మొహం కొత్తగా అనిపించలేదు.

మీరూ చూడండి. చూసి, రాసినావిడ పేరు పదిమందికి చెప్పండి. వీలైతే పెళ్ళిచూపులకి వెళ్ళబోయే ముందు చూడండి.