పేరు గిన్నెది... రుచి ఇంటిది

పొద్దుగూకింది. రఘునాథపల్లిలో ఓ ఇల్లు. పత్తి ఏరడానికి పోయిన ఇల్లాలు తిరిగొచ్చి చూస్తే కూరగాయల బుట్ట ఖాళీ. మూడు ఉల్లిగడ్డలు, వాడిపోయిన నాలుగు పచ్చిమిరపకాయలు... అంతే! పిల్లలు అప్పటికే రెండుసార్లు వంటింట్లోకి తొంగిచూశారు. 'అవ్వా, ఏం జేస్తున్నవే?' అని చిన్నది అడగనే అడిగింది. దుకాణానికి పంపుదామంటే అక్కడ ఖాతా పెరిగిపోయి ఉంది. ఆమె ఒక్క క్షణం ఆలోచించి డబ్బాల మీద చెయ్యి వేసింది. బియ్యప్పిండి ఉంది. గుప్పెడు శనగపప్పు ఉంది. పల్లీలు, నువ్వులు, జీలకర్ర, ఎల్లిపాయ, కారం... అన్నీ ఉన్నాయి.

'సర్వపిండి జేస్త, కూసోండ్రి' అంది. పిల్లలు కూర్చున్నారు.

జనగామ, వరంగల్ వైపు ఇలాంటి సాయంత్రం చూడని ఇల్లు ఉండదు. ఆ మాటకొస్తే అమెరికాలోనూ ఉండదు. అక్కడి అమ్మ ఆఫీసు నుంచి వచ్చి అలమర తెరుస్తుంది. ఓ మాకరోనీ పొట్లం, ఓ ట్యూనా చేప డబ్బా, ఓ పుట్టగొడుగుల సూపు డబ్బా కనిపిస్తాయి. మాకరోనీ ఉడకబెట్టి, చేపముక్కలు, సూపు కలిపి, పైన చీజు, బ్రెడ్డు పొడి చల్లి ఓవెన్‌లోకి తోసేస్తుంది. అరగంటలో రాత్రి భోజనం సిద్ధం. దాని పేరు క్యాసెరోల్.

క్యాసెరోల్ అన్నది తిండి పేరు కాదు, గిన్నె పేరు! ఫ్రెంచి భాషలో క్యాసెరోల్ అంటే వంటగిన్నె. అందులో వండినదానికి కూడా గిన్నె పేరే స్థిరపడిపోయింది. మరి మన సర్వపిండో? సర్వ అన్నా గిన్నే. గుండ్రటి అడుగు, లోతైన కడుపు ఉండే పాత్ర. 'సర్వం కలిపి చేస్తాం కాబట్టి సర్వపిండి' అని చెప్పేవాళ్లూ ఉన్నారు. వినడానికి ముచ్చటగానే ఉంటుంది. కానీ ఇదే వంటకి ఉన్న మిగతా పేర్లు చూడండి. కొన్నిచోట్ల గిన్నప్ప, కొన్నిచోట్ల గంజుపిండి, మరికొన్నిచోట్ల తపాలచెక్క. గిన్నె, గంజు, తపేలా... అన్నీ పాత్రలే. ఇన్ని ఊళ్లు కలిసి గిన్నెకే ఓటేశాక సర్వం అన్న వాదన నిలవడం కష్టం.

గిన్నె పేరే ఎందుకు పెట్టారంటే... అందులో ఏం పడుతుందో ఎవరికీ ముందుగా తెలియదు కాబట్టి! పులిహోరకు పులుపు ఉండి తీరాలి. పప్పుచారుకు పప్పు తప్పదు. సర్వపిండికి అలాంటి పట్టింపు లేదు. ఉల్లాకు ఉంటే వేస్తారు. పెరట్లో సోరకాయ కాస్తే తురిమి కలుపుతారు. శనగపప్పు అయిపోతే పెసరపప్పు. పల్లీలు లేకపోతే నువ్వులు ఇంకో చెంచా ఎక్కువ. క్యాసెరోల్‌దీ ఇదే లెక్క. ఇవాళ ట్యూనా, రేపు కోడికూర, ఎల్లుండి ఉత్త బీన్స్. సరుకు ఏ రోజుకా రోజు మారుతుంది. మారనిది గిన్నె ఒక్కటే.

ఆ ట్యూనా డబ్బా కథ కూడా ఇలాంటిదే. ఆహారాన్ని గాలి చొరకుండా మూసి, వేడిచేసి నిల్వ ఉంచే పద్ధతిని కనిపెట్టింది నికొలా అపేర్ అనే ఫ్రెంచి వంటవాడు. 1810లో అక్కడి ప్రభుత్వం ఆయనకు 12 వేల ఫ్రాంకుల బహుమతి ఇచ్చింది. ఆయన వాడింది గాజు సీసాలు. రేకు డబ్బాకు అదే సంవత్సరం ఇంగ్లండులో పీటర్ డ్యురాండ్ పేటెంటు పొందాడు. ఇక ట్యూనా డబ్బాలోకి చేరింది 1903లో, కాలిఫోర్నియాలో. అదీ సార్డీన్ చేపలకు కరవొచ్చిన ఏడాది వాటికి బదులుగా! 1934లో క్యాంప్‌బెల్ కంపెనీ పుట్టగొడుగుల సూపు డబ్బాను తెచ్చింది. అప్పటిదాకా వెన్న, మైదా, పాలతో గరిటె తిప్పుతూ చేసుకున్న చిక్కటి సాసు పని డబ్బా మూత తీస్తే అయిపోయింది. అమెరికా ఇల్లాళ్లు దాన్ని వదిలితే ఒట్టు.

రఘునాథపల్లికి సముద్రం చాలా దూరం. ఇక్కడ నిల్వ చేప అంటే ఎండు చేప, ఎండు రొయ్య. డబ్బా చేసే పని ఉప్పూ, ఎండా చేసిపెడతాయి. అంగడిలో కొని తెచ్చి దాచుకుంటే వానల్లో చింతపండు పులుసుకు ఆదుకుంటాయి. అయితే పల్లీలు, శనగపప్పు పడిన సర్వపిండికి చేప తోడు అక్కర్లేదు. బలమంతా వాటిలోనే ఉంది.

ఇప్పుడు చేసే పద్ధతి. రెండు గ్లాసుల బియ్యప్పిండికి గుప్పెడు శనగపప్పు చాలు. పప్పు గంటసేపు నానాలి. తొందరలో అరగంటకే తీస్తే పంటికింద రాయిలా తగులుతుంది. గుప్పెడు పల్లీలు వేయించి కచ్చాపచ్చాగా దంచాలి. రెండు చెంచాల నువ్వులు, చెంచా జీలకర్ర, నలగ్గొట్టిన ఐదారు ఎల్లిపాయ రెబ్బలు, చెంచాన్నర కారం, తగినంత ఉప్పు, తరిగిన ఉల్లాకు, కరివేపాకు. అన్నీ పొడిగా కలిపాక గోరువెచ్చని నీళ్లు కొద్దికొద్దిగా పోస్తూ తడపాలి. చన్నీళ్లయితే పిండి పగుళ్లిస్తుంది. గోధుమపిండికి ఉన్న సాగే గుణం బియ్యప్పిండికి లేదు. వెచ్చటి నీళ్లు తగిలితేనే కాస్త జిగురు వస్తుంది. ముద్ద చపాతీ పిండికంటే మెత్తగా ఉండాలి.

సర్వ లోపల నూనె రాసి, బత్తాయి పండంత ముద్దను అడుగున పెట్టి, తడిచేత్తో గోడల మీదికి పలుచగా ఒత్తుకుంటూ పోవాలి. అక్కడక్కడా వేలితో చిల్లులు పెట్టి, ప్రతి చిల్లులో రెండు చుక్కల నూనె వదలాలి. ఈ చిల్లులు అందానికి కాదు. నూనె అడుక్కి దిగేదీ, కిందనుంచి ఆవిరి పైకొచ్చేదీ వాటిగుండానే. తర్వాత మూత పెట్టి సన్నటి సెగ మీద ఎనిమిది పది నిమిషాలు ఉంచాలి. మధ్యలో మూత తీసి చూడాలన్న ఆత్రం అదుపులో పెట్టుకుంటే మంచిది. నువ్వుల వాసన వంటిల్లు దాటి ముందుగదిలోకి వచ్చి, అంచులు గోడను వదిలాయంటే అయినట్టే.

కొత్తవాళ్లు దెబ్బతినేది ఇక్కడ కాదు, రెండోదాని దగ్గర. సర్వ కాలిపోతూ ఉంటుంది. అందులో పిండి ఒత్తబోతే చెయ్యి కాలుతుంది, ముద్దా గోడకు అంటదు. అందుకే గిన్నెను బోర్లించి వీపు మీద నీళ్లు పోస్తారు. చుయ్‌మని చల్లబడ్డాకే రెండోది. పెద్ద కుటుంబాల్లో రెండు సర్వలు పెట్టుకుని ఒకటి చల్లారేలోపు ఇంకోటి ఎక్కిస్తారు.

మూత పెట్టిన ఈ సర్వే మన ఓవెన్. కాకపోతే తిరగేసిన ఓవెన్! క్యాసెరోల్‌కు పైనుంచీ వేడి తగులుతుంది కాబట్టి పైభాగం ఎర్రబడి, అడుగు మెత్తగా ఉంటుంది. సర్వలో సెగ కిందినుంచే. కాబట్టి అడుగు కరకరలాడుతుంది, పైభాగం ఆవిరికి మగ్గి మెత్తగా ఉంటుంది. ఒకే ముక్కలో రెండు రుచులు. అడుగు వైపు ముక్క కోసం పిల్లలు కొట్టుకునేది అందుకే.

ఈ తేడా తెలిస్తే ఓవెన్ లేకుండా మాకరోనీ క్యాసెరోల్ కూడా చేసుకోవచ్చు. రెండు కప్పుల మాకరోనీని పొట్లం మీద రాసినదానికంటే రెండు నిమిషాలు ముందే దింపి వార్చాలి. మిగతాది సాసులో ఉడుకుతుంది. రెండు చెంచాల వెన్నలో రెండు చెంచాల మైదా వేయించి, రెండు కప్పుల పాలు పోసి ఉండకట్టకుండా చిక్కబరిస్తే సూపు డబ్బాతో పని లేదు. మిరియాల పొడి, ఉప్పు, వేయించిన ఉల్లిగడ్డ వేయాలి. ట్యూనా డబ్బా ఉంటే నీరో నూనెో వంపేసి ముక్కలు కలపాలి. లేకపోతే నాలుగు ఉడికించిన గుడ్లు తరిగి వేయొచ్చు. మందపాటి గిన్నెలో సర్ది, మూతపెట్టి సన్నటి సెగ మీద పావుగంట. మూత కింద పైభాగం ఎర్రబడదు. కాబట్టి బ్రెడ్డు పొడిని విడిగా నేతిలో వేయించి వడ్డించేముందు చల్లాలి. ట్యూనాకు బదులు ఎండు చేప వేద్దామనుకుంటారేమో... వద్దు. ఆ ఉప్పుకీ, ఈ పాలకీ పొసగదు.

సర్వపిండికి బియ్యం ఏదైనా ఫరవాలేదు. 1983లో కిలో రెండు రూపాయల బియ్యం పథకం వచ్చాక ఎన్నో ఇళ్లల్లో రేషను బియ్యమే అన్నం అయింది, పిండీ అయింది. తర్వాత్తర్వాత దొడ్డుబియ్యం అన్నం పిల్లలు తినడం లేదని కొందరు గిర్నికి తీసుకెళ్లి పిండి పట్టించేవారు. 2025 ఉగాదికి తెలంగాణలో రేషను దుకాణాల్లో సన్నబియ్యం పథకం మొదలైంది. ఆ బియ్యం అన్నానికే సరిపెట్టుకుంటారు. మరి పిండి దేనితో? నూకలున్నాయిగా! గిర్నిలో అవి పిండవుతాయి.

కష్టం వచ్చిపడింది గిన్నెకి. ఇత్తడి సర్వలు ఎప్పుడో అటకెక్కాయి, అల్యూమినియంవి వచ్చాయి. జనగామకు ఆ పక్కనే ఉన్న పెంబర్తి ఇత్తడి పనికి దేశమంతటా పేరుంది గానీ, అది గుళ్లకూ, షోకేసులకూ. ఇప్పుడు కరెంటు పొయ్యిలు వచ్చాయి. గుండ్రటి అడుగు సర్వ ఇండక్షన్ పొయ్యి మీద కుదురుగా నిలవదు, నిలిచినా వేడెక్కదు. దాంతో చాలామంది చదునైన పెనం మీదే ఒత్తేస్తున్నారు. పట్నంలో పిండివంటల దుకాణాల్లో అమ్మేవీ ఎక్కువగా ఇలాంటి చదును బిళ్లలే. రుచికి వంక పెట్టలేం. కాకపోతే గోడ వెంట పాకి పాపడంలా పలుచబడే అంచు పెనం మీద రాదు.

అమెరికాలో ఎమ్మెస్ చదువుకునే పిల్లలకు ఈ చిక్కు బాగా తెలుసు. వెళ్లేటప్పుడు సూట్‌కేసులో బియ్యప్పిండి, కారం, నువ్వులు పెట్టుకుంటారు గానీ సర్వను ఎవరు పెట్టుకుంటారు? అక్కడ గదిలో పొయ్యి అడుగున ఓవెన్ మాత్రం ఉంటుంది. కేకు గిన్నెకు నూనె రాసి, పిండి పలుచగా ఒత్తి, చిల్లులు పెట్టి, 200 డిగ్రీల దగ్గర అరగంట ఉంచితే అంచులు ఎర్రబడతాయి. ఫోనులో తల్లి అడిగే ప్రశ్న ఒక్కటే ఉంటుంది. 'అడుగు వట్టిందా కొడుకా?'

వేడివేడి సర్వపిండికి పెరుగు చాలు. మర్నాడైతే మామిడికాయ తొక్కు కావాలి. ఉల్లాకు, సోరకాయ వేయకుండా చేస్తే రెండ్రోజులు ఆగుతుంది. చేనుకు పోయేవాళ్లూ, రఘునాథపల్లి స్టేషన్లో సికింద్రాబాద్ రైలెక్కి హాస్టళ్లకు పోయే పిల్లలూ కట్టుకుపోయేది దాన్నే. ఇక మొదటిసారి చేస్తున్నవాళ్లకు ఓ మాట... మొదటిది ఎప్పుడూ గిన్నెకు అంటుకుని ముక్కలుముక్కలుగానే వస్తుంది. అది పొయ్యి పక్కన కాచుకు కూర్చున్నవాళ్లది!