అభిమానుల అనువాదములు - రచయితల హక్కులు

చీనా దేశమున జిన్‌జియాంగ్ అను అంతర్జాల సాహిత్య వేదిక 2003లో వెలసినది. స్త్రీలు వ్రాయగా స్త్రీలు చదువు ప్రణయ నవలలకు అది పుట్టినిల్లు. అచట ధారావాహికగా వెలువడు నవలలకు తొలి ప్రకరణములు ఉచితము. కథ పాకమున పడిన పిదప చదువరి ప్రకరణమున కింతయని స్వల్ప రుసుము చెల్లింపవలెను. ఆ చిల్లర పైకమే రచయిత్రి కష్టార్జితము.

2017లో మో షియాంగ్ తొంగ్ షియు అను కలము పేరు గల రచయిత్రి అచట ‘తియన్ గ్వాన్ సి ఫు’ను ఆరంభించినది. ఒక దేవతకును, ఒక ప్రేతరాజునకును నడుమ ప్రణయ మందలి కథ; ఇరువురును పురుషులే. చీనా భాష రాని అభిమానులకై, ఆ భాష నెరిగిన అభిమానులు దానిని ఆంగ్లమునకు తెచ్చి ఉచితముగ పంచిరి. అనుమతి లేదు, ప్రతిఫలమును లేదు. శ్రమ మాత్రము తక్కువది కాదు. ప్రేతరాజు తన ప్రియుని ‘గెగె’ యని పిలుచును. అన్నయ్య యని దాని అర్థము. చనువు, గారాబము అందే కలసియున్నవి. ఆంగ్లమున సరియైన మాట లేక ఆ పదమునే నిలుపుకొనవలసి వచ్చినది. (‘బావా’ యను పిలుపు నెరిగిన తెలుగు చదువరికి దీనిని అంతగా విప్పి చెప్ప నక్కరలేదు.)

2021 డిసెంబరులో అమెరికా ప్రచురణ సంస్థ యొకటి అధికారానువాదమును వెలువరించినప్పుడు, అనువాదకత్వము దక్కినది ఆ అభిమానులలో ఒకరికే. తొలి సంపుటము న్యూయార్క్ టైమ్స్ వారి విక్రయ పట్టిక కెక్కినది. ఉచితముగ చదివినవారు కొనరను వాదము ఇచట నిలువలేదు. అయినను ఇట్టి అదృష్టము కొందరిదే. ప్రచురణకర్త ముందుకు రాని నవలల రచయిత్రులకు ఈ అనువాదములవలన దక్కినది శూన్యము.

భారతదేశపు 1957 నాటి కాపీరైట్ చట్టము అనువాద హక్కును రచయితకే ఇచ్చినది. నవల వెలువడిన ఏడేండ్లకు, షరతులకు లోబడి, రాయల్టీ చెల్లించి అనువాదమునకు లైసెన్సు కోరు దారిని కూడ 32వ సెక్షనున తెరచి యుంచినది. తెలుగునాట జరుగుచున్నది అనువాదమైనను కాదు, వట్టి నకలు. యద్దనపూడి సులోచనారాణి నవలల వంటివి పుటపుటయు ఫొటో తీయబడి, పి.డి.ఎఫ్.లై వాట్సాప్‌లో చేతులు మారుచున్నవి. వెనుకటి అద్దె పుస్తకముల దుకాణదారు ఒక ప్రతినైన కొనెను. ఆమె 2018లో మరణించినది. ఆ రచనలపై హక్కు 2078 చివరివరకు చెల్లును. అచ్చులో లేని పుస్తకమునకై పాఠకుడు అలమటించుటలో ప్రచురణకర్తల ఉపేక్షకు పాలు లేకపోలేదు. కాని అంగడిలో దొరకు పుస్తకమునకు ఆ సాకు చెల్లదు. అట్టి ప్రతులు ఉపాధ్యాయుల వాట్సాప్ బృందములకు సైతము కొత్త కావు.