ఆదరణ కూడికలో బయట నిలబడినవాడు



మా సంఘంలో ఒక సహోదరుడున్నాడు. ఎవరింట భూస్థాపన జరిగినా, ఆదరణ కూడిక జరిగినా ముందుగా వచ్చేది అతనే. షామియానా వేయించడం, కుర్చీలు సర్దడం, టీలు అందించడం అన్నీ అతని చేతిమీదుగానే జరుగుతాయి. కాని కూడిక మొదలయ్యాక అతడు లోపలికి వచ్చి కూర్చోవడం నేనెన్నడూ చూడలేదు. పరిచర్య చేసే మనసున్నవాడని సంతోషించి ఊరుకున్నాను. అసలు సంగతి ఒక సినిమా మూలంగా తెలిసింది.

అయ్యగారు సినిమా గురించి రాస్తున్నారేమిటని కొందరనుకోవచ్చు. సినిమాలు చూడండని చెప్పడం నా ఉద్దేశం కాదు. అయితే నాతాను ప్రవక్త దావీదు హృదయాన్ని కదిలించింది ఒక గొర్రెపిల్ల కథతోనే గదా!

ఆ సినిమా పేరు ‘ఒకే ఒక జీవితం’. 2022 సెప్టెంబరులో విడుదలైంది. శ్రీకార్తీక్ దర్శకుడు. శర్వానంద్ కొడుకుగా, అమల తల్లిగా నటించారు. ఆది అనే యువకుడికి సంగీతంలో మంచి ప్రతిభ ఉంది. కాని చిన్నతనంలోనే తల్లిని పోగొట్టుకున్నాడు. పదిమంది ముందు పాడాలంటే వణికిపోతాడు. ఒక శాస్త్రవేత్త తయారుచేసిన యంత్రంలో ఇద్దరు స్నేహితులతో కలిసి 1998వ సంవత్సరానికి వెళతాడు. ప్రమాదంలో పోయిన తల్లిని ఎలాగైనా కాపాడుకోవాలని అతని తపన. తల్లిని మళ్లీ కళ్లారా చూస్తాడు గాని ఆమె మరణాన్ని మాత్రం ఆపలేకపోతాడు. ఆ సత్యాన్ని ఒప్పుకున్నాకే తన పాట తాను పాడే ధైర్యం తెచ్చుకుంటాడు.

మా సహోదరుడు ఆ సినిమాను సెల్‌ఫోనులో చూశాడట. ఒకరోజు ప్రార్థన అయ్యాక నా దగ్గరకు వచ్చి, “అయ్యగారండీ, అలాంటి మిషను నిజంగా ఉంటే నేను తొంభై ఆరు తుపాను రోజుకి వెళ్తానండి. సాయంత్రం అవకముందే మా అమ్మని బడిలోకి తీసుకుపోతానండి” అన్నాడు.

1996 నవంబరు 6. మన కోనసీమలో ఆ తారీఖు మరచినవారెవరు? ఐ.పోలవరం, కాట్రేనికోన ప్రాంతాల పెద్దలను అడిగితే ఇప్పటికీ గొంతు పూడుకుపోతుంది. కొబ్బరిచెట్లు వరసలు వరసలుగా నేలకొరిగాయి. వెయ్యికి పైగా ప్రాణాలు పోయాయి. అప్పటికి ఇతను పదేళ్లవాడు. తల్లి పోయిన మర్నాటి నుంచి, “మొగపిల్లాడివి, ఏడవకూడదు” అని చుట్టాలు అన్నారు. “అమ్మ ప్రభువు దగ్గర ఉంది, ఏడిస్తే విశ్వాసం లేనట్టు” అని సంఘంవారు అన్నారు. ఆ పిల్లవాడు ఏడవడం మానేశాడు. ఎక్కడైనా ఆదరణ వాక్యం మొదలైతే చాలు, లేచి బయటికి వెళ్లిపోవడం మొదలుపెట్టాడు.

ప్రియులారా, ఆ మాట విన్నాక నన్ను నేను పరీక్షించుకున్నాను. తల్లిదండ్రులు పోయిన ఎంతమంది పిల్లలతో నేను కూడా ఆ మాటే చెప్పాను! థెస్సలొనీకయులకు పౌలు రాసిన మొదటి పత్రిక 4వ అధ్యాయం చూపించి చెప్పాను. జాగ్రత్తగా చదివితే, నిరీక్షణ లేనివారివలె దుఃఖపడవద్దని అపొస్తలుడు రాశాడు గాని, అసలు దుఃఖపడవద్దని రాయలేదు. లాజరును లేపబోతున్నానని ఎరిగిన ప్రభువే ఆ సమాధి దగ్గర కన్నీరు కార్చారు.

ఇస్సాకు సంగతి గమనించండి. శారా 127 ఏండ్లకు మరణించింది. తొంభయ్యవ ఏట కన్న కుమారుడు గనుక అప్పటికి ఇస్సాకుకు 37 ఏండ్లు. రిబ్కాను పెండ్లాడేనాటికి 40. తల్లి పోయిన దుఃఖం నుంచి అతడు అప్పుడు ఆదరణ పొందాడని ఆదికాండము 24వ అధ్యాయం చివర చదువుతాము. అంటే మూడేళ్లు! ఎదిగిన కొడుకు మూడేళ్లు దుఃఖపడితే వాక్యము అతన్ని తప్పుపట్టలేదు. మనమైతే పదేళ్ల పిల్లవాడికి మూడు రోజులు కూడా ఇవ్వము.

ఆ సినిమా ఒక మంచి మాట చెప్పింది. గతాన్ని మార్చలేము, మిగిలిన జీవితాన్ని జీవించాలి. అయితే సినిమా అక్కడితో ఆగిపోతుంది. మన నిరీక్షణ ఆగదు. మనం కలుసుకోబోయేది వెనుకటి రోజుల్లో కాదు, ముందున్న పునరుత్థాన దినమున. ఆ నిరీక్షణ ఉన్నవాడు కన్నీటికి భయపడనక్కర లేదు.

తల్లినో తండ్రినో పోగొట్టుకున్న పిల్లలు మీ ఇంట ఉంటే, “ఊరెళ్లింది, వచ్చేస్తుంది” అని అబద్ధం చెప్పకండి. ఏడ్చే పిల్లల నోరు మూయకండి. పోయినవారి పేరు ఇంట్లో వినబడనివ్వండి. కువైటులోనో, మస్కట్‌లోనో ఉండి తల్లి భూస్థాపనను ఫోనులో మాత్రమే చూసిన బిడ్డలు మనలో ఉన్నారు. వారు సెలవుకు వచ్చినప్పుడు “ఎప్పుడో అయిపోయింది గదా” అనకండి. సమాధి దగ్గరకు తోడు వెళ్లండి. వారి దుఃఖం ఆ రోజే మొదలవుతుంది.

మొన్న నవంబరు 6వ తేదీ సాయంత్రం ఆ సహోదరుని ఇంట ప్రార్థన పెట్టుకున్నాము. తల్లి ఫొటో ఒక్కటి కూడా లేదు, అన్నీ నీళ్లలో పోయాయి. అతని చిన్నకూతురు ఒళ్లోకి చేరి, “నానమ్మ ఎలా ఉండేది నాన్నా?” అని అడిగింది. అతడు చాలాసేపు మాట్లాడలేదు. తరువాత ఆమె వండే చేపల పులుసు గురించి, పొలం నుంచి వస్తూ పాడుకునే కీర్తన గురించి చెప్పాడు. చెబుతూ చెబుతూ ఏడ్చాడు. మేమెవరమూ వద్దనలేదు. ఆ రాత్రి నేను వాక్యం చెప్పలేదు. పక్కన కూర్చున్నాను, అంతే.

దుఃఖించువారి ప్రక్కన కూర్చునే కృప ప్రభువు మన కుటుంబములకు దయచేయును గాక! ఆమేన్.