అనువాదకుడు చక్రపాణి

విజయా సంస్థ చిత్రాలను మెచ్చుకొనేవారు నటీనటులను తలచుకుంటారు; దర్శకులను, పాటలను తలచుకుంటారు. నిర్మాత చక్రపాణిగారి ప్రసక్తి వచ్చినప్పుడు మాత్రం ‘ప్రేక్షకుల నాడి తెలిసిన వ్యాపారదక్షుడు’ అన్న ఒక్క మాటతో సరిపెడతారు. ఈ అభిప్రాయం నాకు సమ్మతం కాదు. ఆయన ప్రధానంగా అనువాదకులు. ఆయన కథారచనకూ, చిత్రనిర్మాణానికీ, పత్రికా నిర్వహణకూ మూలం ఆ విద్యలోనే ఉన్నది.

కృష్ణ దాటితే మనకు పొరుగూరే అయిన తెనాలిలో, ఐతానగరంలో, 1908లో ఆయన ఆలూరి వెంకట సుబ్బారావుగా జన్మించారు. చక్రపాణి అన్నది కలంపేరు. హిందీ అభ్యసించారు. క్షయవ్యాధి సోకి మదనపల్లె శానిటోరియంలో చికిత్స పొందుతూ బెంగాలీ నేర్చుకున్నారు. 1930 దశకంలో క్షయకు నికరమైన మందు లేదు. మంచి గాలి, విశ్రాంతి, పుష్టికరమైన ఆహారం, ఇంతే చికిత్స. బ్రతుకు మీద భరోసా లేని స్థితిలో, మంచం మీద పడుకొని పొరుగువారి భాషను వల్లించిన మనిషిని కేవలం వ్యాపారి అని ఎట్లా అనగలం? ఆ చదువు ఫలితంగానే శరత్‌బాబు నవలలు తెలుగు ఇళ్లలో ప్రవేశించాయి. శరత్ తెలుగు రచయితే కాబోలునని భ్రమించిన పాఠకులుండేవారని పెద్దలు చెబుతారు. అనువాదకునికి ఇంతకు మించిన బిరుదేమి కావాలి?

సినిమా రంగంలో ఆయన చేసినదీ ఇదే. 1945 నాటి ‘స్వర్గసీమ’కు మాటలు వ్రాశారు. తరువాత బి. నాగిరెడ్డిగారితో కలిసి విజయా సంస్థను నడిపారు. ‘షావుకారు’ (1950)లో ఇరుగుపొరుగుల కలహాన్ని, ‘పెళ్లి చేసి చూడు’ (1952)లో వరకట్నాన్ని ఉపన్యాసం లేకుండా చూపించారు. ‘మిస్సమ్మ’ (1955)కు రవీంద్రనాథ్ మైత్ర బెంగాలీ నాటకం ఆధారం. ‘గుండమ్మ కథ’ (1962)కు కన్నడ చిత్రం. అయినా ఆ గుండమ్మను మన వీధి గుమ్మంలో చూడలేదని ఎవరనగలరు?

‘మిస్సమ్మ’ గురించి కొంచెం ఆగి మాట్లాడాలి. ఉద్యోగం కోసం దంపతులుగా నటించవలసి వచ్చిన ఇద్దరు నిరుద్యోగుల కథ అది. అతడు హిందువు, ఆమె క్రైస్తవురాలు. మేరీని రచయిత ఎక్కడా పరిహాసపాత్రను చేయలేదు. ఆమె అభిమానానికీ, మేరీమాతకు ఆమె చేసే ప్రార్థనకూ గౌరవమిచ్చారు. ఆ రోజులలో అది చిన్న విషయం కాదు. కాని చివరకు ఏమైంది? ఆమె చిన్ననాట తప్పిపోయిన జమీందారుగారి కుమార్తె మహాలక్ష్మి అని తేలింది. పెళ్లికి అడ్డు తొలగింది. ప్రేక్షకుడు హాయిగా ఇంటికి వెళ్లాడు. మేరీ మేరీగానే ఉండి ఉంటే ఆ వివాహం జరిగేదా అన్న ప్రశ్న మాత్రం హాలులోనే మిగిలిపోయింది. భాషల మధ్య గోడలను అంత సునాయాసంగా దాటిన చక్రపాణిగారు ఈ గోడ దగ్గర దొడ్డిదారి వెతుక్కున్నారు. అల్పసంఖ్యాకుల కళాశాలలో చదివే మనం ఈ మాట అనకపోతే ఇంకెవరంటారు? సినిమా మీద నా ప్రేమ దీనివల్ల తగ్గలేదు.

ఇదే కథ 1957లో ‘మిస్ మేరీ’గా హిందీలో వచ్చింది. మీనాకుమారి నాయిక. కలకత్తా నాటకం మద్రాసు స్టూడియోల మీదుగా ఉత్తరాదికి తిరిగి చేరింది. ఇక 1947 జూలైలో మొదలైన ‘చందమామ’ ఎన్ని భాషల పిల్లలకు కథలు చెప్పిందో వేరే వ్రాయనక్కరలేదు. ఆయన 1975లో కన్నుమూసిన తరువాత కూడా ఆ పత్రిక దశాబ్దాల పాటు నడిచింది.

ఇప్పుడు మన సంగతి. ఈ సంచికను ఒక వైపు నుంచి తెరిస్తే తెలుగు, మరొక వైపు నుంచి తెరిస్తే ఉర్దూ. నడుమ రెండు భాషలూ వీపులు ఆనించుకొని కూర్చున్నట్లుంటాయి. పంజా సెంటరు కొట్ల దగ్గర ఈ రెండూ ఒకే నోట వినబడతాయి. కాగితం మీదికి వచ్చేసరికి పరిచయం లేనట్లు తప్పుకుంటాయి. ఆ పుటలలో మిత్రులు ఏ గజల్ వ్రాశారో ఇటువైపు వారిలో చాలామందికి తెలియదు. మన కథ అటువైపు చేరదు. రెండు భాషలూ వచ్చిన విద్యార్థులు మన తరగతులలోనే ఉన్నారు. వారిని ఎవరూ అడగలేదు, అంతే.

వచ్చే సంచికకు కృష్ణచందర్ కథ ఒకటి తెలుగులోకి, తెనాలివారే అయిన కొడవటిగంటి కుటుంబరావుగారి కథ ఒకటి ఉర్దూలోకి తర్జుమా చేయించాలని సంపాదకవర్గాన్ని కోరుతున్నాను. తప్పులు దొర్లితే దిద్దడానికి ఉభయ శాఖల అధ్యాపకులూ మనకు అందుబాటులోనే ఉన్నారు.